పందెపు రంగమందు ఐతియొపీయుడు: అబెబె బికిలా జీవితము



అపొస్తలుల కార్యముల గ్రంథము 8వ అధ్యాయములోని ఐతియొపీయుడైన నపుంసకుని వృత్తాంతము మనమందరము ఎరిగినదే. ఆదివారపు బడి పిల్లలు సహితము దానిని చెప్పగలరు. గాజాకు పోవు అరణ్యమార్గములో రథముమీద కూర్చుండి యెషయా గ్రంథము చదువుకొనుచున్న ఆ అధికారియొద్దకు ఫిలిప్పు పరుగెత్తి పోయెను. అక్కడ పరుగెత్తినవాడు సువార్తికుడు, బండిలో కూర్చున్నవాడు ఐతియొపీయుడు. ఈ నెల నేను వ్రాయబోవు చరిత్రలో పరుగెత్తినవాడే ఐతియొపీయుడు. తరువాత చక్రముల కుర్చీలో కూర్చున్నవాడును ఆయనే. ఆయన పేరు అబెబె బికిలా. ఒలింపిక్ పందెములలో ఆయన గెలిచిన సంగతి లోకమంతయు ఎరుగును గాని, గెలిచిన తరువాత ఆయనకు సంభవించినదానిని ఎరిగినవారు తక్కువ. క్రైస్తవులమైన మనకు ఆ రెండవ భాగమే ఎక్కువ అక్కర.

మొదట ఆయన దేశమును గూర్చి కొంత చెప్పవలెను. కందాకే రాణి ఏలిన రాజ్యము నేటి సూడాను దేశములో నైలునది యొడ్డున ఉండెనని పండితులు చెప్పుదురు. అయినను ఐతియొపీయ ప్రజలు ఆ అధికారిని తమవానిగానే యెంచుకొందురు. ఆ ఘనతను వారియొద్దనుండి తీసివేయుటకు నాకు మనస్సు లేదు. ఏలయనగా నాలుగవ శతాబ్దములోనే ఫ్రుమెంతియు అను భక్తుడు అక్సూము పట్టణపు రాజాస్థానములో క్రీస్తును ప్రకటించెను. అలెగ్జాండ్రియలో అథనాసియు అతనిని బిషప్పుగా నియమించెను. ఎజానా అను రాజు క్రైస్తవుడాయెను. ఇంగ్లీషువారి పితరులును స్వీడనువారి పితరులును ఇంకను విగ్రహములకు మ్రొక్కుచున్న దినములలోనే ఆఫ్రికా పర్వతములమీద సంఘములుండెను. మనకు సువార్త తెచ్చిన మిషనెరీలు తెల్లవారు గనుక ఇది తెల్లవారి మతమని చెప్పువారు మన ఊళ్ళలో ఇంకను ఉన్నారు. అట్టివారికి ఈ సంగతి తెలియజేయుట మంచిది.

ఆ దేశముమీద ఇటలీవారికి చాలకాలమునుండి కన్నుండెను. 1896లో వారు దండెత్తి వచ్చి అద్వా అనుచోట ఘోరముగా ఓడిపోయిరి. 1935 అక్టోబరులో ముస్సోలినీ ఆ పగ తీర్చుకొనుటకు మరల సైన్యములను పంపెను. ఈసారి విమానములును విషవాయువులును వచ్చెను. 1936 మే నెలలో రాజధానియైన అద్దిస్ అబాబా పడిపోయెను. చక్రవర్తియైన హైలె సెలాస్సీ జెనీవాకు పోయి నానాజాతి సమితి యెదుట తన ప్రజల మొర వినిపించెను గాని, పెద్ద రాజ్యములవారు చెవియొగ్గలేదు. 1937లో ఇటలీవారు అక్సూములోని పురాతన శిలాస్తంభమొకటి, 24 మీటర్ల పొడవుగలదానిని, ముక్కలు చేసి ఓడలలో రోమునకు తీసికొనిపోయి, అక్కడ నడివీధిలో జయచిహ్నముగా నిలిపిరి. 1941 మే 5వ తేదీన చక్రవర్తి తన రాజధానికి తిరిగి వచ్చెను. స్తంభము మాత్రము రోములోనే ఉండిపోయెను. చదువరులు ఆ స్తంభమును మనస్సునందుంచుకొనవలెను.

అబెబె 1932వ సంవత్సరము ఆగస్టు 7వ తేదీన షోవా మండలములో జాటో అను పల్లెయందు పుట్టెను. ఆ దినముననే అమెరికాలోని లాస్ ఏంజెల్స్ పట్టణములో ఒలింపిక్ మారథాను పరుగు జరిగెనని వ్రాయువారు దానిని గొప్ప సూచనగా చెప్పుదురు. పుట్టిన దినమునుబట్టి జాతకము చూచుట మనకు తగదు గనుక నేను దానిని అంతటితో విడిచిపెట్టుచున్నాను. ఇటలీవారు దండెత్తి వచ్చునప్పటికి ఆయన మూడేండ్ల బిడ్డ. యుద్ధకాలములో ఆ కుటుంబము ఊరు విడిచి వేరొకచోట తలదాచుకొనవలసి వచ్చెను. పిల్లవాడైన అబెబె గెనా అను ఆట ఆడుచుండెను. అది క్రిస్మసు దినములలో ఐతియొపీయ పల్లెలవారు కఱ్ఱలతో బంతిని కొట్టి ఆడు ఆట. గెలుపు గురుతులు ఒక్కొక్కప్పుడు మైళ్ళ దూరములో ఉండునట. అట్టి ఆటలో పెరిగిన పిల్లవానికి పరుగు నేర్పనేల?

యౌవనస్థుడై ఆయన అద్దిస్ అబాబాకు పోయి, ఇంచుమించు 1952లో చక్రవర్తి అంగరక్షక సైన్యములో సామాన్య సిపాయిగా చేరెను. ఆ పట్టణము సముద్రమునకు దాదాపు 8000 అడుగుల యెత్తున ఉన్నది. అక్కడి గాలి పలుచన. సులుల్టా కొండలనుండి రాజధానికి 20 కిలోమీటర్లు పరుగెత్తి వచ్చి, మరల పరుగెత్తి పోవుట ఆయనకు వాడుక. దీనిని చూచినవాడు ఒన్ని నిస్కానెన్ అను స్వీడను దేశస్థుడు. ఈయన ఆ దేశపు సైనికులకు వ్యాయామము నేర్పుటకు వచ్చినవాడు. ఈ యిద్దరి స్నేహము మరణపర్యంతము నిలిచినది. ఆయన అబెబెను గెలుపులో మాత్రమే కాక, మంచముమీద పడియున్నప్పుడును విడిచిపెట్టలేదు. అది ముందు చెప్పుదును.

ఐతియొపీయ దేశము మొదటిసారి ఒలింపిక్ పందెములకు పోయినది 1956లో, ఆస్ట్రేలియాలోని మెల్బోర్న్ పట్టణమునకు. ఒక్క పతకమైనను రాలేదు. 1960లో పందెములు రోములో జరిగెను. 83 దేశములవారు వచ్చిరి. అమెరికా, రష్యా దేశములవారు వందలకొలది ఆటగాండ్రతోను, వైద్యులతోను వచ్చిరి. ఐతియొపీయుల జట్టు వ్రేళ్ళమీద లెక్కింపదగినది. పత్రికలవారు వారివైపు తిరిగియు చూడలేదు. వారిలో మారథాను పరుగెత్తుటకు ఇద్దరు: ఒకడు అబెబె వాక్‌జిరా, ఇంకొకడు మన అబెబె బికిలా. ఆ సంవత్సరముననే అబెబె బికిలాకు యెవుబ్దార్ అను కన్యతో వివాహమై యుండెను.

మారథాను అనునది 26 మైళ్ళ 385 గజముల పరుగు. సెప్టెంబరు 10వ తేదీ శనివారము, ఎండ చల్లబడిన తరువాత, 69మంది కాపితోలు కొండమీద బయలుదేరిరి. ఆ కొండ ప్రక్కనే ముస్సోలినీ మేడ యున్నది. ఐతియొపీయ దేశము ఇటలీ సామ్రాజ్యములో చేర్చబడినదని 1936లో అతడు జనసమూహమునకు ప్రకటించినది ఆ మేడ వాకిటనే. మరణించి 15 సంవత్సరములైన ఆ అధికారి మేడ ప్రక్కన, అతడు దాసునిగా చేయగోరిన జనములోనుండి వచ్చిన సిపాయి పరుగునకు నిలువబడెను.

ఆయన పాదములకు జోళ్ళు లేవు. దీనిని గూర్చి అనేక కథలు పుట్టినవి. దేశగౌరవము కొరకని కొందరు, పట్టుదల చూపుటకని కొందరు చెప్పుదురు. సంగతి సాదాయైనది. దొరికిన జోళ్ళు ఆయన పాదములకు సరిపడక బొబ్బలెక్కించెను; వట్టికాళ్ళతో పరుగెత్తుట ఆయనకు అలవాటే గనుక వాటిని విడిచిపెట్టెను. మన పల్లెలలో చెప్పులు లేకుండ చేనికి పోవువారిని చూచి ఎవరును కవిత్వము వ్రాయరు. లేమిని గొప్పచేయుట లేమి ఎరుగనివారి పని. అబెబె దానిని గొప్పచేయలేదు, దానికి సిగ్గుపడనులేదు.

ఆ పరుగులో కొంత భాగము పురాతనమైన అప్పీయా మార్గముమీద జరిగెను. అపొస్తలుల కార్యములు 28వ అధ్యాయములో అప్పీయా సంతపేటయు త్రిసత్రములును మీరు చదివియున్నారు. సంకెళ్ళతో రోమునకు కొనిపోబడుచున్న పౌలును ఎదుర్కొనుటకు సహోదరులు వచ్చినది ఆ మార్గముననే. వారిని చూచి ఆయన ధైర్యము తెచ్చుకొనెను. ఇంచుమించు 1900 సంవత్సరముల తరువాత ఆ రాళ్ళమీద చీకటి పడుచుండగా, ఇటలీ సైనికులు దారి పొడవున దివిటీలు పట్టుకొని నిలువబడిరి. వారి తండ్రులు అబెబె పల్లెలమీదికి తుపాకులతో పోయినవారు. ఆ కుమారులు ఆ రాత్రి అతని కాళ్ళకు వెలుగు చూపుచుండిరి. ఇట్టి సంగతి మనుష్యులు ఆలోచించి ఏర్పాటు చేసినది కాదు. ఎండవలన పరుగు సాయంకాలమునకు మార్చబడెను, అంతే. అయినను నేను దీనిని చదివినప్పుడెల్ల కొంతసేపు పుస్తకము మూసి కూర్చుందును.

మొరాకో దేశస్థుడైన రాదీ అను పరుగువీరుని కనిపెట్టియుండుమని అబెబెకు ముందుగా చెప్పియుండిరి. అతడు 26వ సంఖ్య ధరించునని తెలిపిరి. అయితే ఆ దినమున రాదీ 185వ సంఖ్య ధరించి వచ్చెను. సగము దూరమునుండి వారిద్దరే ముందున ప్రక్కప్రక్కన పరుగెత్తుచుండిరి. అబెబె మాత్రము 26వ సంఖ్యవాడు ఇంకను ముందున్నాడేమోయని అతని కొరకు చూచుచు, ప్రక్కనున్నవానిని ఎరుగకయే పరుగెత్తెనట. ఈ భాగము సంఘములో చెప్పినప్పుడు పిల్లలు నవ్వుదురు.

పరుగు ముగియుటకు కొద్ది దూరములో, వీధి మధ్యను, అక్సూమునుండి తేబడిన స్తంభము నిలిచియుండెను. ముందు దారిని చూచుకొనుటకు వెళ్లినప్పుడు అబెబెయు నిస్కానెనును దానిని గురుతుపట్టి, అక్కడనుండి వేగము హెచ్చించుటకు నిశ్చయించుకొనియుండిరి. ఆలాగే చేసెను. తన పితరులు చెక్కిన రాయి దాటినది మొదలుకొని ఆయనను ఎవరును అందుకొనలేకపోయిరి. కాన్‌స్టంటైను కమానుక్రింద 2 గంటల 15 నిమిషముల 16.2 సెకనులలో ఆయన పరుగు ముగించెను. అంతకుముందు లోకములో ఎవరును ఆ దూరమును అంత త్వరగా పరుగెత్తియుండలేదు. రాదీ 25 సెకనుల వెనుక వచ్చెను. వాక్‌జిరా ఏడవవాడాయెను. ఐతియొపీయ దేశమునకు అది మొదటి బంగారు పతకము. సహారా ఎడారికి దక్షిణముననున్న ఆఫ్రికాలోని నల్లజాతివారిలో ఒలింపిక్ బంగారు పతకము పొందిన మొదటివాడు ఆయనే. ఇటలీవారు ఆ స్తంభమును 2005లో మరల అక్సూమునకు పంపిరి. 2008లో అది తన స్థలములో నిలుపబడెను.

ఆ నెలలోనే, అదే రోము పట్టణములో, ఇంకొక సంగతి జరిగెను. పెద్ద పందెములు ముగిసిన వారము దినముల తరువాత, వెన్నెముక దెబ్బతిని చక్రముల కుర్చీలలో ఉన్న 400మంది ఆటగాండ్రు 23 దేశములనుండి వచ్చి తమ పందెములు ఆడిరి. అవయవలోపము గలవారి ఒలింపిక్ పందెములకు అదే ఆరంభమని ఇప్పుడు లెక్కించుచున్నారు. ఆ సంగతి అబెబె చెవిని పడెనో లేదో. పడినను అది తనకు సంబంధించినదని ఆయన తలంచియుండడు.

ఆయన స్వదేశమునకు తిరిగి రాగా రాజధాని అంతయు వీధులలో నిండెను. చక్రవర్తి ఆయనకు గౌరవ పతకమిచ్చి, ఉద్యోగములో పై మెట్టునకు హెచ్చించెను. అయితే మూడు నెలలైనను గడువకమునుపే గొప్ప శోధన వచ్చెను. 1960 డిసెంబరులో చక్రవర్తి బ్రెజిలు దేశమునకు వెళ్లియుండగా, అంగరక్షక సైన్యాధిపతియైన మెంగిస్తు నెవాయ్ తిరుగుబాటు చేసెను. అది అబెబె చేరియున్న సైన్యమే. వీధులలో యుద్ధమై అనేకులు చచ్చిరి. తిరుగుబాటు అణచబడెను, మెంగిస్తు 1961లో ఉరితీయబడెను. అబెబె ఆ కుట్రలో కలియలేదు గాని, ఆ సైన్యములోనివాడగుటచేత ఆయనను కూడ పట్టుకొని కొన్నాళ్ళుంచి, నిర్దోషియని విడిచిపెట్టిరి. సెప్టెంబరులో పూలదండలు, డిసెంబరులో చెర. హోసన్నా దినమునకును సిలువ దినమునకును మధ్య ఎన్ని దినములున్నవో మనకు తెలియును గదా.

తరువాతి సంవత్సరములను త్వరగా దాటుదును. 1961లో గ్రీసు, జపాను, చెకొస్లొవేకియా దేశములలో పరుగెత్తి గెలిచెను. 1963లో అమెరికాలోని బోస్టను పట్టణములో అయిదవవాడాయెను. కడవరకు పరుగెత్తి ఆయన ఓడిపోయిన అంతర్జాతీయ మారథాను అది ఒక్కటే.

1964లో టోక్యో పట్టణమున ఒలింపిక్ పందెములు జరుగవలసియుండెను. మారథాను పరుగునకు అయిదు వారములు ముందు, సెప్టెంబరు 16వ తేదీన, ఆయనకు అపెండిసైటిస్ వచ్చి శస్త్రచికిత్స చేయవలసి వచ్చెను. మన ఊళ్ళలో అట్టి ఆపరేషను అయినవానిని నెల దినములు బావివద్దకైనను పోనియ్యరు. అబెబె కొద్ది దినములకే నడచుట, తరువాత మెల్లగా పరుగెత్తుట ఆరంభించెను. అక్టోబరు 21వ తేదీన, ఈసారి జోళ్ళు తొడుగుకొని, 2 గంటల 12 నిమిషముల 11.2 సెకనులలో గెలిచెను. రెండవవాడు రంగములోనికి వచ్చుటకు ఇంకను నాలుగు నిమిషములు పట్టెను. అంతవరకు అబెబె పచ్చికమీద కాళ్ళు చాచి వ్యాయామము చేయుచుండెను. ఒలింపిక్ మారథానును రెండుసార్లు గెలిచిన మొదటివాడు ఆయనే.

ఆ పందెములో మూడవవానిని గూర్చి చెప్పక ముందుకు పోవుటకు నాకు మనస్సొప్పుట లేదు. అతడు ౙపాను సైనికుడైన కోకిచి త్సుబురాయా. అతడు రంగములోనికి రెండవవాడుగా వచ్చెను. 70,000మంది తన దేశస్థులు చూచుచుండగా, కడపటి చుట్టులో ఇంగ్లీషువాడైన హీట్లీ అతనిని దాటిపోయెను. మూడవ స్థానము చిన్నది కాదు. అయినను అతడు దానిని తన జనులందరికి తాను చేసిన అపరాధముగా ఎంచుకొనెను. తరువాతి పందెములో ఆ ఋణము తీర్చవలెనని శరీరమును నలుగగొట్టుకొనెను. నడుము నొప్పి పట్టుకొనెను. 1968 జనవరిలో, 27 ఏండ్ల వయస్సులో, ప్రాణము తీసికొనెను. ఒక దేశపు ఘనతనంతటిని ఒక యౌవనస్థుని భుజములమీద పెట్టుట ఎంత క్రూరమైన పనియో ఆలోచించుడి. పరీక్ష తప్పిన పిల్లలు మన యిండ్లలోను ఉన్నారు. తలిదండ్రులారా, మూడవ స్థానముతో ఇంటికి వచ్చిన బిడ్డ ముఖము ఆ రాత్రి ఎట్లున్నదో చూడుడి.

అబెబె వంతు కూడ వచ్చెను. 1968 అక్టోబరు 20వ తేదీన మెక్సికో పట్టణములో మూడవ ఒలింపిక్ మారథానునకు ఆయన నిలిచెను. కాలి యెముకలో సన్న చీలిక యుండెను. ఇంచుమించు 17 కిలోమీటర్లు పరుగెత్తి, ఇక సాధ్యము కాక, తొలగిపోయెను. అయితే ఆ దినమున బంగారు పతకము ఐతియొపీయ దేశమును దాటిపోలేదు. ఆయన జట్టువాడైన మామో వోల్డె గెలిచెను. రోములో ఒక్కనిదిగా నుండిన మార్గము ఎనిమిది సంవత్సరములలో ఒక జనాంగపు మార్గమాయెను.

ఇప్పుడు రెండవ భాగమునకు వచ్చితిమి.

1969 మార్చి 22వ తేదీ రాత్రి, చక్రవర్తి బహుమానముగా ఇచ్చిన వోక్స్‌వాగన్ కారును అబెబె తానే నడుపుకొని పోవుచుండగా అది అదుపు తప్పి బోర్లపడెను. తెల్లవారువరకు ఆయన దానిలో ఇరుకుకొని పడియుండెను. మెడ యెముకకు దెబ్బ తగిలి, మొదట కాళ్ళును చేతులును రెండును కదలకపోయెను. వారము దినములలో ఆయనను విమానముమీద ఇంగ్లాండులోని స్టోక్ మాండెవిల్ ఆస్పత్రికి చేర్చిరి. అక్కడ ఎనిమిది నెలలు ఉండెను. చేతులకు కదలిక వచ్చెను. కాళ్ళకు రాలేదు. అప్పుడు ఆయన వయస్సు 36 సంవత్సరములు.

ఆయన స్వస్థత కొరకు ఐతియొపీయ దేశమంతట ప్రార్థనలు జరిగియుండునని చెప్పుటకు సాక్ష్యమక్కరలేదు. అవి ఆయన చేతులవరకు వినబడి కాళ్ళవద్ద ఆగిపోయినవని చెప్పుదుమా? పాదిరి పనిలో ఉన్నవారికి ఈ ప్రశ్న పుస్తకములలోనిది కాదు. తాటిచెట్టుమీదనుండి పడి నడుము విరిగిన మనుష్యుని యింటికి ప్రభురాత్రి భోజనము తీసికొనిపోయినప్పుడు, ఆ మనుష్యుడు మన చేతులవైపు కాక మన ముఖమువైపు చూచును. లేచి నడచిన కుంటివాని అధ్యాయము ఆ యింట చదువుట సులభము కాదు. ముల్లు తీసివేయబడక నిలిచియుండగా కృప చాలునని పౌలు నేర్చుకొన్న అధ్యాయము, రెండవ కొరింథీయులకు 12వది, నేను ఎక్కువగా చదువుదును. అదియు కొన్ని దినములలో వినువారికి చేదుగానే యుండును.

అబెబె ఏమి తలంచెను? ఒలింపిక్ పందెములలో గెలుచుట దేవుని చిత్తమైనట్టే ఈ ప్రమాదమును ఆయన చిత్తమేననియు, ఆ జయమును పుచ్చుకొనినట్టే దీనిని కూడ పుచ్చుకొనవలసియున్నదనియు ఆయన తన్ను చూడవచ్చినవారితో చెప్పుచుండెను. ఆయన మన సంఘశాఖవాడు కాడు; వేదాంతము చదివినవాడును కాడు. బూడిదలో కూర్చున్న యోబు తన భార్యకు చెప్పిన ఉత్తరము ఈ సిపాయి నోటనుండి మరల వచ్చెను. ఇట్టి మాట పండుకొనియున్నవాడు చెప్పినయెడల విశ్వాసము. నిలువబడియున్న మనము అతనితో చెప్పినయెడల అది వేరొకటి. యోబు స్నేహితులు చేసిన తప్పు అదే గదా. కాబట్టి అబెబె పలికినదానిని మంచముమీదనున్నవారికి మందుగా పంచిపెట్టవలదని నా తోటి ఉపదేశకులను బ్రతిమాలుచున్నాను.

స్టోక్ మాండెవిల్ ఆస్పత్రిని గూర్చి చెప్పవలెను. అక్కడ వెన్నెముక వైద్యశాలను స్థాపించినవాడు లుడ్విగ్ గుట్మన్ అను యూదుడైన వైద్యుడు. హిట్లరు బాధవలన 1939లో జర్మనీ విడిచి ఇంగ్లాండులో శరణు పొందెను. అంతకు పూర్వము వెన్నెముక విరిగినవారు పుండ్లతోను మూత్రపు జబ్బులతోను కొద్దికాలములోనే చనిపోవుదురని వైద్యులు చేతులు విడిచెడివారు. ఈయన వారిని రెండేసి గంటలకు ప్రక్క మార్చి పరుండబెట్టించి, పుండ్లు మాన్పి, కూర్చుండబెట్టి, చేతులకు బాణమును బంతిని ఇచ్చెను. 1948లో లండను ఒలింపిక్ పందెములు ఆరంభమైన దినముననే తన ఆస్పత్రి పచ్చికమీద 16మంది రోగులచేత విలువిద్య పందెము పెట్టించెను. 1960లో రోమునకు చక్రముల కుర్చీలతో వచ్చినవారు ఈయన జట్టువారే. ఆ రాత్రి దివిటీల వెలుగులో పరుగెత్తిన అబెబె తొమ్మిది సంవత్సరములకు ఈయన వార్డులో చేర్చబడెను.

నిస్కానెన్ ఆయనను మరల పందెములకు పురికొల్పెను. 1970 జూలైలో స్టోక్ మాండెవిల్ పందెములలో అబెబె విలువిద్యలోను టేబిల్ టెన్నిసులోను పాల్గొనెను. గెలువలేదు. రెండు ఒలింపిక్ జయములు పొందిన మనుష్యుడు, కొత్తగా నేర్చుకొనువారితోపాటు, తప్పిపోవు బాణములు వేయుచు కూర్చుండెను. రోము జయముకంటె ఇది నాకు కష్టమైనదిగా కనబడుచున్నది. 1971లో నార్వే దేశమున అవయవలోపము గలవారి పందెములకు అతిథిగా పిలువబడి, మంచుమీద బండితో 25 కిలోమీటర్ల పందెములో దిగి, 16మందిలో మొదటివాడుగా వచ్చెను. మంచు కురియుట ఎరుగని దేశస్థుడు!

1972లో మ్యూనిక్ ఒలింపిక్ పందెములకు ఆయనను గౌరవ అతిథిగా పిలిచిరి. చక్రముల కుర్చీలో ఆయన రంగములోనికి రాగా జనులందరు లేచి నిలిచిరి. మారథాను గెలిచిన అమెరికావాడైన ఫ్రాంక్ షోర్టరు పతకము పుచ్చుకొనిన పిమ్మట ఆయనయొద్దకు పోయి చేయి కలిపెను. మామో వోల్డె ఆ సంవత్సరము మూడవవాడాయెను. మూడవ స్థానమునకు ఐతియొపీయలో అతనిని ఎవరును నిందింపలేదు.

మరుసటి సంవత్సరము, 1973 అక్టోబరు 25వ తేదీన, మెదడులో రక్తనాళము చిట్లి అబెబె అద్దిస్ అబాబాలో మరణించెను. నాలుగేండ్ల క్రిందటి ఆ ప్రమాదమువలననే అది వచ్చినదని వైద్యులు చెప్పిరి. ఆయన వయస్సు 41 సంవత్సరములు. భార్యయు నలుగురు పిల్లలును ఉండిరి. చక్రవర్తి దేశమంతట సంతాపదినము చాటించి, తానే సమాధి కార్యమునకు వచ్చెను. 65,000మంది జనులు వెంబడించిరని అంచనా. అప్పుడు చక్రవర్తికి 81 సంవత్సరములు. ఇంకొక యేడాదికి, 1974 సెప్టెంబరులో, సైనికులు ఆయనను సింహాసనమునుండి దింపి, రాజభవనమునుండి ఒక చిన్న వోక్స్‌వాగన్ కారులో ఎక్కించి తీసికొనిపోయిరి. అబెబెను సైనిక లాంఛనములతో సెయింటు జోసెఫు గుడి శ్మశానములో పాతిపెట్టిరి.